మూడో ప్రశ్నకు జవాబు

మార్చి 9

పిట్టా,

క్షేమమని నువ్వు రాస్తావు, క్షేమమని నేనూ రాస్తాను. ఆ ముచ్చట అయిపోయిందనుకుని నేరుగా విషయంలోకి వస్తున్నాను.

రిటైరై ఇవాళ్టికి తొమ్మిదో రోజు. పొద్దున్నే తయారై, సంచి భుజాన వేసుకున్నాక గుర్తొచ్చింది, వెళ్ళాల్సిన చోటు లేదని. వేసుకున్న సంచి దించబుద్ధి కాక పబ్లిక్ లైబ్రరీకి వెళ్ళాను. ఎలాగూ ఆ పింఛను ఖాతా సంగతి చూడాలి. పోయిన సెప్టెంబరులో వచ్చినప్పుడు ప్రభుత్వం వాళ్ళ వెబ్‌సైటులో నా పేరున తెరిచిపెట్టి వెళ్ళావే, అదే.

లైబ్రరీలో కంప్యూటర్లు నాలుగున్నాయి, రెండు పనిచేస్తాయి. ఒకదాని ముందు ఒక పెద్దమనిషి పొద్దస్తమానం చదరంగం ఆడుతుంటాడు. రెండోదాని ముందు నేను కూర్చుని, నువ్వు చీటీ మీద రాసిచ్చిన పాస్‌వర్డ్ అక్షరం అక్షరం సరిచూసుకుంటూ కొట్టాను. ఆర్నెల్లు దాటింది కాబట్టి ఇది చెల్లదు, కొత్తది కావాలంటే ముందు నువ్వెవరో రుజువు చేసుకో అంది. రుజువంటే మూడు ప్రశ్నలు. ఒకటి దాటితేనే ఇంకొకటి కనిపిస్తుంది. మొత్తం మీద మూడు తప్పులు చేస్తే వారం రోజులు తలుపు మూసేస్తుంది.

మొదటి ప్రశ్న: "చిన్నతనంలో మీరు ఏమి కావాలనుకున్నారు?"

ఇంత ఆప్యాయంగా అడుగుతోందేమిటి అనుకున్నాను. ముప్పై ఒక్క సంవత్సరాలు వీళ్ళ ప్రెస్సులో ప్రూఫులు దిద్దితే ఒక్కనాడూ అడిగిన పాపాన పోలేదు. "బస్సు డ్రైవరు" అని కొట్టాను. తప్పంది. "డ్రైవరు" అన్నాను. తప్పంది. "బస్సు నడపాలని" అంటూ విడమర్చి చెప్పాను. వారం తర్వాత రమ్మంది.

నా చిన్నతనం గురించి నేను చెప్పింది మూడుసార్లు తప్పు! బయటికొచ్చి మెట్ల మీద కూర్చుని నవ్వుకున్నాను. అప్పుడు వెలిగింది, ఆ జవాబులు నావి కావు, నీవని.

ఏం రాశావో చెప్పకు. నేనే కనుక్కుంటాను. పుట్టినప్పటి నుంచీ నన్ను చూస్తున్న మనిషి నన్నేమనుకుంటోందో తెలుసుకునే వీలు ఎంతమందికి దొరుకుతుంది?

గడువు ఒకటి ఉందిలే. మే 31 లోగా ఆ ఖాతాలోకి వెళ్ళి ఒక సంగతి తేల్చాలి. పింఛను మొత్తం నేనున్నంత కాలం నేనే తీసుకోవడమా, లేక కాస్త తగ్గించుకుని, నా తర్వాత సగం ఇంకొక మనిషికి వాళ్ళ జీవితాంతం అందేలా పెట్టడమా. ఏమీ చెప్పకపోతే మొదటిదే ఖాయం చేస్తారు. "అటుపిమ్మట మార్చుటకు వీలు లేదు." ఆ నిబంధనల పుస్తకం ప్రూఫు చూసిందాన్ని, ఆ వాక్యం పన్నెండో పేజీలో ఉంటుంది. నేను ఒక మనిషి పేరు పెట్టదలచుకున్నాను.

పిన్ని


మార్చి 15

పిన్నీ,

బస్సు డ్రైవరా? నిజంగానా? అమ్మకి తెలుసా? ఎప్పుడూ చెప్పలేదేం? లేక నేనెప్పుడూ అడగలేదా? ఈ ఆఖరి ప్రశ్న రాసేసరికి స్టాఫ్ రూములో టీ చల్లారిపోయింది.

అడిగాను అసలు. ఆ రోజు నువ్వు వంటింట్లో ఉన్నావు. నేను ముందుగదిలో లాప్‌టాప్ పెట్టుకుని "పిన్నీ, చిన్నప్పుడేం కావాలనుకున్నావు?" అని కేకేశాను. జవాబు రాలేదు. నీకు సరిగ్గా వినపడదన్న సంగతి జనవరిలో నువ్వు రాసేదాకా మాకెవరికీ తెలియదు కదా. మనం ఫోను మానేసి ఉత్తరాల్లోకి దిగిందీ అప్పుడే. ఆ రోజు మాత్రం, పనిలో ఉందిలే అనుకున్నాను. నా బస్సుకి వేళవుతోంది. నాకు తోచింది రాసేశాను.

నీ మాట విన్నాక భయంగా ఉంది. ప్రతి సెమిస్టరుకీ చరిత్ర పేపరు తయారుచేస్తాను. పోయిన వాళ్ళ గురించి, వాళ్ళని ఏనాడూ చూడని పిల్లల్ని, "ఒక్క వాక్యంలో జవాబు వ్రాయుడు" అని అడుగుతాను. జవాబు నా దగ్గరున్న దానితో కలవకపోతే సున్నా. ఇరవయ్యేళ్ళుగా చేస్తున్న పనే. ఆ పోయిన మనిషి ఏమనుకుంటుందో ఇప్పుడు నువ్వు రాస్తే గాని తోచలేదు.

కనుక్కుంటానంటే కనుక్కో. కాని ఒకటి చెప్పాలి. ఆ "ఒక మనిషి" విషయంలో నా పేరు వద్దు. నాకు ఉద్యోగముంది, మా ఆయనకుంది. నీ తర్వాత నాకేదో రావాలన్న ఆలోచనే చేదుగా ఉంది. ఖాతా తెరవడానికి వచ్చింది ఇందుకేనేమో అని రేపు ఎవరైనా అనుకుంటే? నువ్వే అనుకుంటే? మొత్తం నువ్వే తీసుకుని హాయిగా ఖర్చుపెట్టుకో.

నీ పిట్ట


మార్చి 24

పిట్టా,

టీచరు! నన్ను పట్టుకుని టీచరు!

నిన్న వెళ్ళాను. ముందు "డాక్టరు" అన్నాను. ఏ ఆడపిల్ల గురించైనా అదే రాస్తారు కదా అని. తప్పంది. "టీచరు" అనగానే పక్కకి జరిగి దారిచ్చింది. తప్పులు దిద్దే మనిషి కదా, చిన్నప్పుడు టీచరే కావాలనుకుని ఉంటుందని లెక్క కట్టావు. అవునా? నీకు నువ్వు అద్దంలో కనపడి, అది పిన్ని అనుకున్నావు.

రెండో ప్రశ్న: "మీకు బాగా ఇష్టమైన చోటు?" నీలా ఆలోచించి "ఇల్లు" అన్నాను. తప్పంది. ఇక ఎలాగూ పోయేదే కదా అని, మూడోసారి నిజం చెప్పాను: "ప్రూఫు గది". వారం తర్వాత రమ్మంది. నిజం చెప్పిన ప్రతిసారీ గెంటేస్తోంది ఇది.

ప్రూఫు గది నువ్వు చూడలేదు. గోడకి అటుపక్క మిషన్లు. బల్ల, గ్లాసులో నీళ్ళు కూడా రోజంతా వణుకుతూ ఉండేవి. బల్లకి అటొకరు ఇటొకరు. ఒకరు అసలు ప్రతి పట్టుకుని పైకి చదవాలి, కామా ఉంటే కామా అని, పేరా మారితే కొత్త పేరా అని. ఇంకొకరు ప్రూఫు మీద వేలు పెట్టి చూసుకుంటూ పోవాలి. చూసేది నేను. చదివేది గొంతు. మమ్మల్ని కలిపి కన్నూ గొంతూ అనేవాళ్ళు. నన్నెవరూ కన్ను అని పిలవలేదు గాని తనకి మాత్రం ఆ పేరు అతుక్కుపోయింది. మధ్యాహ్నం ఒంటిగంటకి మిషన్లన్నీ ఒక్కసారిగా ఆగేవి. అప్పటిదాకా అరుస్తున్న గొంతు ఆ అరుపులోనే ఉండిపోయేది. "వేలమునకు పిలువబడిన విరిగిన కుర్చీలు, కామా" అని ప్రెస్సంతా మోగేది. రోజూ జరిగేదే, రోజూ నవ్వేవాళ్ళం.

తను ఇప్పుడూ శనివారాలు వచ్చి పేపరు చదివిపెడుతుంది. చుక్కలూ కామాలతో సహా. మానమంటే మానలేదు.

నీ పేరు వద్దన్న పేరా చదివాను. పక్కన ప్రశ్నార్థకం పెట్టాను.

పిన్ని


ఏప్రిల్ 2

పిన్నీ,

ఆ ప్రశ్నార్థకంతో నాలుగు రోజులు కాపురం చేశాను.

మా ఆయన్ని అడిగితే "ప్రశ్నార్థకమంటే ప్రశ్న, అంతే కదా" అన్నాడు. ఆయనకి ప్రతిదీ అంతే. నేను మాత్రం నీ చేత్తో మార్జిన్లో పెట్టిన గుర్తుల్ని చిన్నప్పటి నుంచీ ఎరుగుదును. పదో తరగతిలో నా వ్యాసం మొత్తానికి ఒకే ఒక్క ప్రశ్నార్థకం పెట్టి ఇచ్చావు. ఆ గుర్తుకి "ఇది నువ్వేనా రాసింది?" అని అర్థం. నిన్ను నొప్పించానని అర్థమైంది. ఉన్న ఒక్క అక్క కూతురు, నువ్వింకా నోరు విప్పి అడగకముందే నాకొద్దు అని చెయ్యి విదిలిస్తే ఎలా ఉంటుంది? కాదనడం మంచితనం అనుకున్నాను. మంచితనంలో ఎంత పొగరుంటుందో ఆలోచించలేదు.

కాబట్టి సరే. నీకు సంతోషమైతే నా పేరే పెట్టు. ఇక ఆ మాట ఎత్తను.

నిన్న కాలేజీకి వెళ్తూ బస్సులో ముందు సీటు కోసం ఒకతనితో పోట్లాడాను. నీ మూలంగానే. డ్రైవరు వెనకే కూర్చుని దారి పొడుగునా గమనించాను. ఆవిడ చక్రాన్ని తిప్పదు, వదిలేస్తుంది, అదే వెనక్కి తిరిగి వస్తుంది. ప్రతి స్టాపులోనూ పైన అద్దంలోకి ఒకసారి చూస్తుంది. చూసింది మమ్మల్నా, తలుపునా అన్నది తేల్చుకోలేకపోయాను. నా జన్మలో ఒక డ్రైవరు మొహం చూడటం ఇదే మొదటిసారని మాత్రం తేలింది. పిన్నీ, ఎందుకు డ్రైవరు? అంతమందిలో నువ్వు చూసిందేమిటి?

రెండో ప్రశ్నకి నా జవాబు, వచ్చినప్పుడల్లా నువ్వెక్కడ కనపడితే అదే. ఇంతకంటే చెప్పను.

పిట్ట


ఏప్రిల్ 14

పిట్టా,

నాకు పదేళ్ళప్పుడు బస్సులో డ్రైవరు తల మీద ఒక బోర్డు ఉండేది: "డ్రైవరుతో మాట్లాడరాదు." ఎంత గొప్ప ఉద్యోగం అనుకున్నాను. నలభై మందితో కలిసి వెళ్ళాలి, ఒక్కరూ పలకరించకూడదు. ఇంట్లో మీ అమ్మ వసపిట్టలా వాగుతూ ఉండేది మరి. అదీ కారణం.

పోయిన వారం రెండో తలుపూ తీశాను. "వంటిల్లు" కాదంది. "తోట" అనగానే తీసింది. వచ్చినప్పుడల్లా నేను పైపు పట్టుకుని మొక్కల దగ్గర కనపడ్డానన్నమాట. కనపడ్డాను, నిజమే. మీరంతా గదిలో కూర్చుని గలగలా మాట్లాడుకుంటుంటే నాకు సగం అందేది కాదు. అడిగిందే అడిగితే మీ మొహాలు చిట్లిపోయేవి. నీళ్ళు పడుతున్న మనిషిని ఎవరూ ఏమీ అడగరు. అలా ఆ మొక్కలకి కావలసిన దానికంటే రెండింతలు నీళ్ళు పోశాను, రెండు చచ్చిపోయాయి కూడా. నువ్వు చూసింది తప్పు కాదు. చూసి కట్టుకున్న అర్థం తప్పు. ప్రెస్సులోనూ ఇలాంటి తప్పులే పట్టుకోవడం కష్టం. అక్షరాలన్నీ సరిగ్గానే ఉంటాయి.

మూడో ప్రశ్న: "మీకు అత్యంత ఆప్తులు ఎవరు?"

దీనికి ఆలోచనెందుకని "అక్క" అన్నాను. తప్పంది. "అక్కయ్య" అన్నాను. తలుపేసింది. మీ అమ్మ కాకపోతే నిన్ను నువ్వే రాసుకున్నావన్నమాట, దొంగా! ఈసారి అదే కొడతాను.

నీ పేరు సంగతి. ముందు వద్దన్నావు, ఇప్పుడు సరేనన్నావు, మధ్యలో నేనన్నది ఏమీ లేదు. గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టుంది. తలుపు తెరుచుకోనీ, అప్పుడు మాట్లాడుకుందాం.

గొంతుకి దగ్గు పట్టుకుంది. రెండు శనివారాలుగా పేపరు నేనే చదువుకుంటున్నాను. బాగాలేదు.

పిన్ని


ఏప్రిల్ 20

పిన్నీ,

నీ బోర్డు కథ స్టాఫ్ రూములో చెబితే అందరూ నవ్వారు. తోట సంగతి మాత్రం ఎవరికీ చెప్పలేదు. గొంతుగారి దగ్గు ఎలా ఉంది? డాక్టరుకి చూపించారా?

మూడో ప్రశ్నకి ఏం రాశానో నిజంగా గుర్తులేదు. హడావిడిలో రాశాను కదా. పిట్ట అని రాసుకునేంత ధైర్యం నాకుంటుందా అన్నది అనుమానమే, ప్రయత్నించు. అయినా నువ్వే పింఛను ఆఫీసుకి వెళ్ళి, మనిషిని నేనే, ఇదిగో నా మొహం అని అడిగితే వాళ్ళే కొత్త పాస్‌వర్డ్ ఇస్తారు కదా? ఈ ఊహాగానాల కంటే అది మేలు. ఆలస్యం చెయ్యకు.

ఇక్కడ ఎండలు ముదిరాయి. పరీక్షలు మొదలయ్యాయి. మా పక్కింటివాళ్ళు గోడకి రంగు వేయిస్తున్నారు. ఆ రంగు నీలమా ఆకుపచ్చా అని మా ఇంట్లో రోజూ వాదన. ఇంకేమీ విశేషాలు లేవు.

పిట్ట


మే 4

పిట్టా,

ఎండలు, పరీక్షలు, గోడ రంగు గురించి నాలుగు వాక్యాలు, మూడో ప్రశ్నకి మూడే. సరే.

పింఛను ఆఫీసుకి వెళ్ళాను. రెండు బస్సులు మారి. కౌంటరు కిటికీకి లోపలి నుంచి చెక్క బిగించారు. దాని మీద వెబ్‌సైటు చిరునామా అంటించారు. వరండాలో కూర్చున్న గుమాస్తాకి నా మొహం చూపించాను. "మొహాలు మేం చూడమండీ, అంతా ఆన్‌లైనే" అన్నాడు. ప్రశ్నలు మార్పించాలంటే దరఖాస్తు పోస్టులో పంపాలట, నలభై అయిదు రోజులు పడుతుందట. ఉన్నవి ఇరవయ్యేడు.

అక్కడి నుంచి నేరుగా లైబ్రరీకి వెళ్ళాను. "పిట్ట" కాదంది. "అక్క కూతురు" కాదంది. ఆఖరికి "గొంతు" అన్నాను. మూసేసింది. మళ్ళీ పదకొండో తారీఖున తెరుస్తుంది.

ఇన్నాళ్ళూ ఇది నాకు ఆట. ఇప్పుడు కాదు. ఎందుకో చెబుతాను, శ్రద్ధగా విను.

నేను పెట్టాలనుకున్నది నీ పేరు కాదే. నువ్వు వద్దన్నప్పుడూ కాదు, సరేనన్నప్పుడూ కాదు. గొంతు పేరు. ఏమనుకోకు.

ఆ బల్ల దగ్గర కూర్చున్నది ఇద్దరం. చేసింది ఒకే పని. నేను పర్మనెంటు, తను దినకూలీ లెక్క. ఇరవయ్యారేళ్ళు ఆ లెక్కలోనే ఉంచారు. పోయిన డిసెంబరు ఆఖరున మిషను కొత్తది వచ్చిందని, పైకి చదవడం అక్కర్లేదని, ఒక కాగితం ఇచ్చి పంపేశారు. పింఛను లేదు, ఏమీ లేదు. నాకంటే తొమ్మిదేళ్ళు చిన్నది. మేడ మీద ఒక గది, పొద్దున్న ఇద్దరు పిల్లలకి ట్యూషను, ఇప్పుడు ఈ దగ్గు.

ఇంకొకటి, ఎవరికీ చెప్పనిది. నాకు చెవులు పోవడం మొదలైంది జనవరిలో కాదు. ఏడేళ్ళయింది. ప్రూఫు గదిలో చెవిటి మనిషిని ఎవరుంచుకుంటారు? గొంతే ముందు కనిపెట్టింది. ఒక్క మాట అనలేదు. మర్నాటి నుంచి కుర్చీ కాస్త తిప్పుకుని, వెలుతురు తన మొహం మీద పడేలా కూర్చుని, పెదాలు నాకు కనపడేలా నెమ్మదిగా చదవడం మొదలుపెట్టింది. సూపర్వైజరు వస్తే నా బదులు తనే జవాబు చెప్పేది. పొగరు, మధ్యలో దూరుతుంది అని తనకే పేరొచ్చింది. ఏడేళ్ళు అలా నడిపింది. నేను రిటైరయ్యే దాకా ఉద్యోగంలో నిలబడ్డానంటే, నాకు పూర్తి పింఛను వచ్చిందంటే, అందుకే.

తనకింకా చెప్పలేదు. తలుపు తీసి చూపించాక చెబుదామని.

నువ్వేం రాశావో గుర్తు తెచ్చుకో పిట్టా. ఆట అయిపోయింది.

పిన్ని


మే 8

పిన్నీ,

గుర్తు తెచ్చుకునే పని లేదు. నేనెప్పుడూ మరిచిపోలేదు. పోయిన ఉత్తరంలో రాసింది అబద్ధం. దొంగకి తేలు కుట్టినట్టు గోడ రంగుల గురించి రాశాను.

మూడో ప్రశ్నకి నేను "ఎవరూ లేరు" అని కొట్టాను. రెండు మాటలు, మధ్యలో ఒక ఖాళీ.

ముందు అమ్మ అని కొట్టాను. మీరిద్దరూ ఏడాదికి నాలుగు మాటలు మాట్లాడుకుంటారు కదా అని చెరిపేశాను. తర్వాత నా పేరు కొట్టాను. ఏడాదికోసారి వచ్చి, గడియారం చూసుకుంటూ కూర్చునే మనిషి ఆప్తురాలెలా అవుతుందని అదీ చెరిపేశాను. అప్పుడు తలెత్తి గది చూశాను. ఒకే కుర్చీ బయటికి లాగి ఉంది. మేకుకి ఒకే గొడుగు. కిటికీలోంచి, అప్పటికి తోటలోకి వెళ్ళిన నువ్వు. చాలా జాలి వేసింది. ఆ జాలితో, నిజాయితీగా రాస్తున్నాననుకుంటూ, ఆ రెండు మాటలూ కొట్టాను. కంప్యూటరు వెంటనే ఒప్పుకుంది.

అసలు సిగ్గు అది కాదు. ఆ రోజు గొంతుగారు, ఆవిడే అని ఇప్పుడు అర్థమైంది, గేటు దాకా వచ్చారు. పేపరు నీ చేతికిచ్చి, నీ జుట్టులో ఇరుక్కున్న ఆకు తీసి పారేసి, ఇంట్లో చుట్టాలున్నారని చూసి వెళ్ళిపోయారు. ఇదంతా నేను కిటికీలోంచి చూశాను. చూసి, ఆఫీసు మనిషి ఎవరో అనుకుని, మళ్ళీ ఇటు తిరిగి రాశాను.

ఊళ్ళో వాళ్ళందరినీ అనుమానిస్తావు అని మా ఆయన నవ్వుతాడు. నిజమే, అన్నిటినీ అనుమానించాను. నా జాలిని మాత్రం అనుమానించలేదు. నా పేరు పెడతావని, దాన్ని ఒప్పుకోవాలా వద్దా అని నెల రోజులు నాతో నేను యుద్ధం చేశాను. ఎవరూ అడగని యుద్ధం. నీ తర్వాత నాకేదీ రాకూడదన్న మాట మీద ఇప్పటికీ నిలబడే ఉన్నాను. ఈసారి కారణం నా మంచితనం కాదు.

తిట్టాలనిపిస్తే తిట్టు. ముందు వెళ్ళి తలుపు తీసుకో.

పిట్ట


మే 15

పిట్టా,

తలుపు తెరుచుకుంది. తెరుచుకోకపోతేనే బాగుండేది.

నీ ఉత్తరం పన్నెండున అందింది. ఒక పూట కోపంగా ఉన్నాను, ఒక పూట నవ్వుకున్నాను, సాయంత్రానికి పని గుర్తొచ్చింది. మర్నాడు గొంతుని లైబ్రరీకి రమ్మన్నాను. ఎందుకో చెప్పలేదు. ఇంకొకరి పేరు పెట్టాలంటే వాళ్ళ వివరాలు కావాలి, వాళ్ళ ఫోనుకి వచ్చే అంకెలు కూడా కొట్టాలి. తను పక్క కుర్చీలో కూర్చుంది. ప్రశ్న వచ్చింది. అలవాటు కదా, పైకి చదివింది: "మీకు అత్యంత ఆప్తులు ఎవరు, ప్రశ్నార్థకం." నా తలంతా ఆ తలుపు మీదే ఉంది. గబగబా "ఎవరూ లేరు" అని కొట్టాను.

లోపలికి వెళ్ళిపోయాను. వెనక్కి తిరిగి "చూశావా!" అన్నాను. కుర్చీ ఖాళీ.

వెంట పరిగెత్తాను. వీధి మొదట్లో అందింది. ఇది మా పిట్ట రాసిన జవాబు, నాది కాదు, అని చెప్పాను. తను ఆగి, పెదాలు నాకు బాగా కనపడేలా నిలబడి అంది: "పిల్ల మీదికి తొయ్యకు. వేళ్ళు నీవే. కొట్టినప్పుడు తడబడను కూడా లేదు."

అది నిజం. తడబడలేదు.

రెండుసార్లు మేడెక్కాను. తలుపు తియ్యలేదు. ఇంకా పదహారు రోజులున్నాయి. తను రాకపోతే ఆ ఖాతాలో నేనొక్కదాన్నే కూర్చుని చేసేదేమీ లేదు.

నోటితో చెబితే నమ్మదు. ఇరవయ్యారేళ్ళుగా కాగితం మీద ఉన్నదే నమ్మిన మనిషి. నా దగ్గరున్న కాగితం నీ ఉత్తరమే. కాని అది నువ్వు నాకు రాసుకున్నది. నీ సిగ్గు నీది, దాన్ని ఇంకొకరి ముందు పరచడానికి నాకు హక్కు లేదు. అందుకే అడుగుతున్నాను. చూపించనా?

పిన్ని


మే 19

పిన్నీ,

చూపించు.

గేటు దగ్గర సంగతి ఉన్న పేరా దాచకు. అది చదివితే నా మీద అసహ్యం వేస్తుందేమో, వెయ్యనీ. ఒక్కటే అనుమానం. ఆవిడ చదివి నన్ను క్షమించి, నిన్ను క్షమించకపోతే? అలా అయితే నేనే బయలుదేరి వస్తాను, ఆ మెట్ల మీద కూర్చుంటాను. బస్సు టైము చూసుకోను.

పిట్ట


మే 29

పిట్టా,

పని అయింది. వరసలో చెబుతాను, లేకపోతే నువ్వు మధ్యలో లేనిపోనివి ఊహించుకుంటావు.

ఇరవై నాలుగున నీ చీటీ అందింది. నీ పాత ఉత్తరం పట్టుకుని మేడెక్కాను. తలుపు కొట్టి, కింద సందులోంచి లోపలికి తోశాను. చాలాసేపు నిలబడ్డాను. లోపల చదువుతోందో చింపుతోందో నాకు వినపడదు కదా. తలుపు మీద అరచెయ్యి ఆనించాను. సన్నగా వణికింది. పైకే చదువుతోంది. చుక్కలూ కామాలతోనే చదివి ఉంటుంది, అంతసేపు పట్టింది.

తలుపు తీసింది. కళ్ళజోడు తుడుచుకుంటోంది.

"ఆకు సంగతి నాకు గుర్తే లేదు" అంది. కళ్ళజోడు పెట్టుకుని, "కొట్టేముందు ఒక్కసారి నా వైపు చూసి ఉంటే సరిపోయేది కదే" అంది.

"చూస్తే కొట్టలేకపోయేదాన్ని" అన్నాను.

చెప్పులు వేసుకుంది. అప్పుడు చెప్పాను, దేనికోసం ఇదంతా అన్నది. మెట్ల మీదే ఆగిపోయింది. నాకొద్దంది. నీ చావు మీద నేను బతకాలా అంది. నెల నెలా నీకు కోత పడుతుంది, మతిపోయిందా అంది. అలా నాలుగు రోజులు అంది. నేను ఒకటే అన్నాను, ఏడేళ్ళు నా బదులు నువ్వు జవాబు చెప్పావు, ఇదొక్కటి నన్ను చెప్పనివ్వు అని. నిన్న పొద్దున సంచి వేసుకుని తనే వచ్చి గేటు దగ్గర నిలబడింది.

లైబ్రరీలో ఇద్దరం కూర్చున్నాం. తన వివరాలు తను చదువుతుంటే నేను కొట్టాను. "ఆ వ్యక్తి మీకు ఏమవుతారు?" అన్న గడి వచ్చింది. నొక్కితే ఒక పట్టిక జారింది. భర్త, భార్య, కొడుకు, కూతురు, తల్లి, తండ్రి, సోదరి, సోదరుడు, ఇతరులు.

"ఏమవుతానే నేను నీకు?" అంది. తన గొంతు సంగతి నీకు తెలుసు కదా, చదరంగం పెద్దమనిషి కూడా తిరిగి చూశాడు.

పట్టిక కిందికీ పైకీ రెండుసార్లు చూశాను. నిజంగానే వెతికాను పిట్టా. అంత పెద్ద ప్రభుత్వం, ఎక్కడో ఒక మూల పెట్టి ఉంటుందేమో అని.

"లేదులే" అంది తను. "ఇతరులు అనే నొక్కు. నాకేం ఫర్వాలేదు. భోజనం వేళ దాటిపోతోంది."

నొక్కాను. తన ఫోనుకి అంకెలు వచ్చాయి, ఆరు. ఒక్కొక్కటే పెదాల మీద చూసి కొట్టాను. తర్వాత మార్చుటకు వీలు లేదు, అంగీకరిస్తున్నారా అంది. అంగీకరించాను. ఇక మీరు ఈ పేజీని మూసివేయవచ్చు అంది. మూసేశాం.

ఇంటికి వస్తుంటే దారిలో గొంతు చెయ్యి పట్టుకుని ఆపింది. "ఆ పిల్ల అంత మాట ఒప్పేసుకుని, పోస్టులో వేసి, ఇన్ని రోజులుగా జవాబు కోసం కూర్చుని ఉంటుంది. సరిగ్గా తింటోందో లేదో కనుక్కో" అంది.

కనుక్కుంటున్నాను. తింటున్నావా?

పిన్ని